కథలో కథకు పొందిక కొలవడం ఎలా? భారతం మీద ఒక ప్రయత్నం

ప్రశ్న

కథలో కథ, ఆ కథలో మరో కథ ఉన్న గ్రంథాలలో బయటి కథకూ లోపలి కథకూ ఎంతవరకు పొసగుతుందో అంకెల్లో చెప్పడానికి ఒక కొలమానం తయారు చేస్తున్నాను. ప్రస్తుతానికి దాన్ని పొందిక సూచి అంటున్నాను. పరీక్షకు మహాభారతాన్ని తీసుకున్నాను. నైమిశారణ్యంలో ఉగ్రశ్రవసుడు శౌనకాది మునులకు కథ చెబుతున్నాడు. అతడు చెప్పేది సర్పయాగ సమయంలో వైశంపాయనుడు జనమేజయుడికి చెప్పిన కథ. అందులో యుద్ధభాగం చాలావరకు సంజయుడు ధృతరాష్ట్రుడికి చెప్పినది.

లోపలి కథలోని ప్రతి ముఖ్యాంశానికీ మూడు ప్రశ్నలు వేస్తున్నాను. చెప్పేవాడికి ఆ సంగతి తెలిసే దారి ఉందా? చెప్పే నాటికి అది జరిగిపోయిందా? బయటి కథలో దానికి విరుద్ధమైన మాట లేకుండా ఉందా? మూడూ నెగ్గితే 1, ఒక్కటి తప్పినా 0. గ్రంథం మౌనంగా ఉన్న అంశాన్ని లెక్కలోంచి తీసేస్తున్నాను. ఒక కథ లోపల ఉన్న ప్రతి కథనూ ఒక అంతస్తు అంటున్నాను; వచ్చిన మొత్తాన్ని మిగిలిన అంశాల సంఖ్యతో భాగిస్తే ఆ అంతస్తు విలువ వస్తుంది. అన్ని అంతస్తుల విలువలనూ గుణిస్తే గ్రంథం సూచి వస్తుంది.

చిక్కల్లా ఈ గుణకారంతోనే. ప్రతి అంతస్తుకూ 0.9 వచ్చినా మూడు అంతస్తులకు 0.729, నాలుగింటికి సుమారు 0.656 అవుతుంది. కథ లోతుగా ఉండడమే నేరమైనట్టు అంకె పడిపోతోంది. గుణకారం మానేస్తే దాని బదులు ఏం వాడాలి?

జవాబు 1

అన్నిటికంటే తక్కువ వచ్చిన అంతస్తు విలువనే గ్రంథం సూచిగా తీసుకోండి. గుణోత్తర సగటు (విలువలను గుణించి, ఎన్ని అంతస్తులుంటే అన్నో మూలం తీయడం) వాడితే లోతు సమస్య తీరుతుంది గానీ, 1, 1, 0.3 వచ్చిన గ్రంథానికి కూడా 0.67 వచ్చి, ఎక్కడ తెగిందో పాఠకుడికి కనబడకుండా పోతుంది. కనిష్ఠ విలువ తీసుకుంటే లోపం ఏ అంతస్తుదో తెలుస్తుంది, లోతు వల్ల నష్టమూ ఉండదు.

మౌనాన్ని లెక్కలోంచి తీసేయడం సబబే. అయితే ఎంత తీసేశారో సూచి పక్కనే చెప్పి తీరాలి. 40 అంశాలలో 36 మౌనంగా ఉండి, మిగిలిన నాలుగూ నెగ్గితే వచ్చే 1కి పెద్ద విలువ లేదు.

జవాబు 2

సూత్రం కంటే ముందు మీ మొదటి ప్రశ్నను సరిచూసుకోవాలని నా అభిప్రాయం. చెప్పేవాడికి తెలిసే దారి ఒక్కటే ఉంటుందన్నట్టు మీరు రాశారు. సంజయుడి విషయంలో సంస్కృత భారతం రెండు దారులు చూపిస్తుంది. భీష్మపర్వం మొదట్లో వ్యాసుడు అతడికి దివ్యదృష్టి ఇస్తాడు. ఆ తర్వాత కొద్ది అధ్యాయాలకే సంజయుడు యుద్ధభూమి నుంచి వచ్చి, పదో రోజున భీష్ముడు పడిపోయిన వార్తను ముందు చెప్పి, ధృతరాష్ట్రుడు దుఃఖించి అడిగిన మీదట మొదటి రోజు నుంచి కథ ఎత్తుకుంటాడు. శల్యపర్వంలో సాత్యకి అతణ్ణి పట్టుకుని చంపబోతుంటే వ్యాసుడే వచ్చి విడిపిస్తాడు. అంటే కథ చెప్పేవాడు తాను చెప్పే యుద్ధంలోనే బందీ అయ్యాడు.

దివ్యదృష్టి ఉన్నవాడు హస్తినలోనే కూర్చుని చూడవచ్చు కదా అని అడిగితే దీన్ని వైరుధ్యం అనవచ్చు. నేను అలా అనను. దృష్టి ఉన్నంత మాత్రాన రణభూమికి వెళ్లకూడదని గ్రంథం ఎక్కడా అనలేదు. అందుచేత ‘తెలిసే దారి’ కింద ప్రతి దారినీ విడిగా రాసుకుని, ఒక్కటి నిలిచినా 1 ఇవ్వండి. రెండు దారులూ ఒకదాన్నొకటి కొట్టివేసినప్పుడే 0 ఇవ్వాలి.

జవాబు 3

మీ మూడు ప్రశ్నలూ తప్పులను మాత్రమే వెతుకుతాయి. లోపలి కథ బయటి కథకు ఏం ఇచ్చిందన్నది వాటికి అందదు. అరణ్యపర్వంలో ధర్మరాజు తనకంటే దురదృష్టవంతుడైన రాజు ఉన్నాడా అని అడిగితే బృహదశ్వుడనే ముని నలుడి కథ చెబుతాడు. ఆ కథలో ఋతుపర్ణుడు నలుడికి అక్షహృదయం, అంటే పాచికల ఆట రహస్యం నేర్పుతాడు. కథ ముగిశాక బృహదశ్వుడు అదే విద్యను ధర్మరాజుకు ఇస్తాడు. తర్వాత విరాటుడి కొలువులో ధర్మరాజు కంకుడన్న పేరుతో జూదం తెలిసినవాడిగా చేరతాడు. లోపలి కథలోని విద్య ఒక అంతస్తు దాటి బయటికి వచ్చి, పై కథలో పనికొచ్చిందన్నమాట. విన్నవాడు ఏమి పొందాడో, అది తర్వాత వినియోగపడిందో లేదో నాలుగో ప్రశ్నగా అడగాలి. కానీ దాన్ని సూచిలో కలపకండి. ఏమీ ఇవ్వని కథ పొందిక లేని కథ కాదు కాబట్టి, ఆ అంకె వేరే గడిలో ఉండాలి.

ప్రశ్న వేసినవారు

కనిష్ఠ విలువ, దారుల పట్టిక, వేరే గడి, మూడూ తీసుకుంటున్నాను. రెండో జవాబు చదివాక సౌప్తికపర్వాన్ని ఈ పద్ధతిలో పరిశీలించాను. అశ్వత్థామ రాత్రి చేసిన సంహారాన్ని సంజయుడే చెబుతాడు. తెల్లవారాక దుర్యోధనుడు మరణించగానే, ఋషి ఇచ్చిన దివ్యదర్శనం తనకు నేటితో పోయిందని ధృతరాష్ట్రుడితో అంటాడు. వెంటనే తర్వాతి అధ్యాయంలో ధృష్టద్యుమ్నుడి సారథి ధర్మరాజుకు వార్త తెస్తాడు. అక్కడి నుంచి అశ్వత్థామను పాండవులు వెంబడించడం, అస్త్రప్రయోగం, అన్నీ వైశంపాయనుడే చెబుతాడు. సంజయుడికి తెలిసే దారి మూసుకున్న చోటనే కథకుడు మారాడు. ఆ మలుపు దగ్గరి అంశాలన్నిటికీ 1 ఇచ్చాను. ఇక కర్ణపర్వం పట్టిక మొదలుపెడుతున్నాను. కర్ణుడి మరణవార్త కూడా ముందు వచ్చి, యుద్ధకథ వెనక నడుస్తుంది కాబట్టి రెండో ప్రశ్న అక్కడ ఎక్కువగా పరీక్షకు వస్తుంది.