ఆస్ట్రేలియాలో ఆదివాసుల ఆచార న్యాయాన్ని చట్టం గుర్తించినట్టా, గుర్తించనట్టా?

ప్రశ్న:
నమస్కారం. నేను విశాఖపట్నంలో న్యాయశాస్త్రం చదువుతున్నాను. 1992 నాటి మాబో తీర్పుతో ఆదివాసుల ఆచార న్యాయానికి ఆస్ట్రేలియాలో గుర్తింపు లభించిందని ఒక పుస్తకంలోనూ, 1994 నాటి వాకర్ తీర్పు దానిని తిరస్కరించిందని మరో పుస్తకంలోనూ ఉంది. రెండూ ఒకే న్యాయస్థానం, అంటే ఆస్ట్రేలియా హైకోర్టు, ఇచ్చిన తీర్పులు. వీటిని ఎలా సమన్వయం చేసుకోవాలో పెద్దలు వివరించగలరు.

మొదటి సమాధానం:
రెండు పుస్తకాలూ సరిగ్గానే చెప్పాయి. ఆచారాన్ని గుర్తించింది భూమి విషయంలో, నిరాకరించింది నేరం విషయంలో. మీ వ్యాసంలో ముందుగా ఒక సంగతి స్పష్టం చేయండి: ఆస్ట్రేలియాలో హైకోర్టు అంటే మన సుప్రీంకోర్టుతో సమానమైన అత్యున్నత న్యాయస్థానం.

మాబోకు ముందు 1971 నాటి మిలిర్‌పుమ్ కేసు తప్పక చదవాలి. గోవ్ ద్వీపకల్పంలో బాక్సైట్ తవ్వకాలను యోల్ంగు ప్రజలు సవాలు చేసినప్పుడు, వారికి ఎంతో సూక్ష్మమైన, సమగ్రమైన న్యాయవ్యవస్థ ఉందని జస్టిస్ బ్లాక్‌బర్న్ అంగీకరించి కూడా, దాని నుంచి ఆంగ్ల న్యాయం గుర్తించగల ఆస్తిహక్కు ఏదీ పుట్టదని తేల్చారు. టోరెస్ జలసంధిలోని మెర్ దీవి ప్రజల తరఫున ఎడ్డీ మాబో తదితరులు నడిపిన వ్యాజ్యంలో 1992 జూన్ 3న హైకోర్టు ఈ వైఖరిని తోసిపుచ్చి, బ్రిటిష్ వారు వచ్చేనాటికి ఆ నేల ఎవరికీ చెందనిదన్న వాదం చెల్లదని ప్రకటించింది. ఆ మాట వినడానికి మాబో లేరు; అదే ఏడాది జనవరిలో కన్నుమూశారు. మరుసటి ఏడాది వచ్చిన నేటివ్ టైటిల్ (ఆదివాసుల భూమి హక్కు) చట్టంలోని 223వ సెక్షన్ ప్రకారం, ఆ ప్రజలు పాటించే సంప్రదాయ న్యాయం, ఆచారాల నుంచే భూమిపై వారి హక్కు పుడుతుంది.

అయితే ఆ హక్కును నిరూపించుకోవడం చాలా కష్టం. 2002లో యోర్టా యోర్టా ప్రజల కేసులో, బ్రిటిష్ సార్వభౌమాధికారం ఏర్పడిన నాటి నుంచి ఆచారాలు దాదాపు ఎడతెగకుండా కొనసాగాయని చూపించాలని హైకోర్టు స్పష్టం చేసింది. ఇది న్యాయం కాదని నేను గట్టిగా నమ్ముతున్నాను. ఎవరినైతే తమ నేల నుంచి వెళ్లగొట్టారో, ఎవరి పిల్లలను తల్లుల నుంచి వేరు చేశారో, ఆచారం తెగిపోలేదని రుజువు చేసే బరువును మళ్లీ వారి మీదే మోపడం జరిగిన నష్టాన్ని రెట్టింపు చేయడమే.

ఇక వాకర్ కేసు. ఆదివాసులకు రాష్ట్ర క్రిమినల్ చట్టం వర్తించదన్న వాదనను ప్రధాన న్యాయమూర్తి మేసన్ ఒక్కరే విని కొట్టివేశారు. క్రిమినల్ చట్టం అందరికీ ఒకటేననీ, ఆచార క్రిమినల్ న్యాయం ఒకవేళ మిగిలి ఉన్నా సాధారణ శాసనాలతో అది రద్దయిపోయిందనీ ఆయన అన్నారు. శిక్ష ఖరారు చేసేటప్పుడు మాత్రం నార్తర్న్ టెరిటరీ అనే ఉత్తర ప్రాంతంలోని న్యాయమూర్తులు ఆచారాన్ని లెక్కలోకి తీసుకునేవారు. 2007లో కేంద్ర ప్రభుత్వం తెచ్చిన చట్టం, నేర తీవ్రతను తగ్గించి చూడడానికి ఆచారాన్ని కారణంగా తీసుకోరాదని నిషేధించింది. 1999లో పోర్ట్ అడిలైడ్‌లో మొదలైన నుంగా కోర్టులో ఆదివాసీ పెద్దలు మేజిస్ట్రేటు పక్కన కూర్చుని సలహా చెబుతారు, కానీ అక్కడ అమలయ్యేది రాష్ట్ర చట్టమే.

మరో సభ్యురాలు:
నేను పాడేరు ప్రాంతంలో న్యాయవాదిని. మన దేశంతో పోల్చదలిస్తే రాజ్యాంగం 13(3)(ఎ) అధికరణంతో మొదలుపెట్టండి. చట్టం అనే మాటలో ఆచారాన్ని కూడా అది చేర్చింది. హిందూ వివాహ, వారసత్వ చట్టాలు రెండింటిలోనూ 2(2) సెక్షన్ షెడ్యూల్డ్ తెగలను మినహాయించింది. షెడ్యూల్డ్ ప్రాంతాల పంచాయతీలకు సంబంధించిన 1996 నాటి పెసా చట్టం, సంప్రదాయ పద్ధతిలో తగవులు తీర్చుకునే తీరును కాపాడుకునే అధికారం గ్రామసభకు ఇచ్చింది. చాలామంది 1/70 భూబదలాయింపు నిబంధనను కూడా ఆచారానికి గుర్తింపుగా రాస్తారు, అలా రాయకండి. ఏజెన్సీలో భూమి గిరిజనేతరుల చేతికి పోకుండా అడ్డుకునే ఆ నిబంధనకు బలం రాజ్యాంగంలోని ఐదవ షెడ్యూలు నుంచి వచ్చిందే తప్ప గిరిజనుల ఆచారం నుంచి కాదు.

ప్రశ్న అడిగినవారు:
ఇద్దరికీ కృతజ్ఞతలు. అయితే ఆస్ట్రేలియా న్యాయస్థానాలు ఆచారాన్ని నిరూపించాల్సిన వాస్తవంగా మాత్రమే చూస్తాయి, దానికి పాలించే అధికారం ఉందని ఒప్పుకోవు అని రాయవచ్చా?

మొదటి సమాధానమిచ్చినవారు:
చాలావరకు రాయవచ్చు, కానీ 2020 నాటి లవ్ కేసును వదలకండి. విదేశంలో పుట్టి పౌరసత్వం తీసుకోకపోయినా ఆదివాసులు ఆస్ట్రేలియాకు పరాయివారు కారని హైకోర్టు 4–3 ఆధిక్యంతో తీర్పు చెప్పింది. ఎవరు ఆదివాసీ అన్నది తేల్చడానికి మాబో కేసులో జస్టిస్ బ్రెన్నన్ చెప్పిన మూడు కొలమానాలను తీసుకున్నారు: వంశం, తాను ఆదివాసినని చెప్పుకోవడం, ఆ సమాజంలో సంప్రదాయ అధికారం ఉన్నవారి అంగీకారం. అంటే రాజ్యాంగం ఒక మనిషికి వర్తించే తీరు కొంతవరకు ఆ పెద్దల నిర్ణయం మీద ఆధారపడింది. అదే ఏడాది క్వీన్స్‌లాండ్ రాష్ట్రం, టోరెస్ జలసంధి దీవుల్లో బంధువుల బిడ్డను తెచ్చి సొంత బిడ్డగా పెంచుకునే ఆచారానికి శాసనం ద్వారా చట్టబద్ధత కల్పించింది. మీ వాక్యాన్ని ఈ రెండింటితో పరీక్షించి చూసుకుని, ఆ తర్వాతే ఖరారు చేయండి.