గింహే రాణి మన దేశపు ఆడపడుచేనా?

ఉప్పాడ కెరటం:
అందరికీ నమస్కారం. కొరియా దక్షిణ తీరంలో గింహే అనే ఊరుంది. క్రీ.శ. 48లో పదహారేళ్ల రాకుమారి ఒకామె ఎర్ర తెరచాప కట్టిన ఓడలో అక్కడ దిగిందనీ, ఆ సీమను ఏలే సురో రాజు ఆమెను పెళ్లాడాడనీ 'సంగుక్ యుసా' అనే పాత కొరియా పుస్తకం చెబుతుంది. ఆమె పేరు హో హ్వాంగ్-ఓక్. తనది 'అయుతా' దేశమని ఆమే చెప్పుకుంది. అది మన అయోధ్యేనని కొరియాలో చాలామంది నమ్మకం. 2001లో అయోధ్యలో ఆమెకు స్మారకం కట్టారు. 2018లో దక్షిణ కొరియా అప్పటి అధ్యక్షుడి భార్య కిమ్ జంగ్-సుక్ అక్కడికి వచ్చి వెళ్లారు కూడా.

మొన్న వేరే చర్చలో కొందరు దీన్ని పుక్కిటి పురాణం అని కొట్టిపారేశారు. నాకు బాధేసింది. గింహే కిమ్, గింహే హో వంశాలవాళ్లు ఇప్పటికీ ఆమెను తమ మూలపుటమ్మగా కొలుస్తారు. ఆ రెండు వంశాల మధ్య పెళ్లి సంబంధాలు కలుపుకోకపోవడం ఆనవాయితీ, మనకు సగోత్రం ఉన్నట్టే. లక్షలమంది తరతరాలుగా పట్టుకుని వస్తున్న మాట ఏ ఆధారమూ లేకుండా పుడుతుందా? నిప్పు లేనిదే పొగ రాదు.

కుండపెంకు:
కెరటం గారూ, ఆ వంశాలవాళ్ల నమ్మకం మీద నాకు గౌరవం ఉంది. కానీ 1వ శతాబ్దంలో ఏం జరిగిందన్నది వేరే ప్రశ్న. ముందు ఆ పుస్తకమే చూద్దాం.

సంగుక్ యుసాను కూర్చింది ఇర్యోన్ అనే బౌద్ధ భిక్షువు, 1280ల ప్రాంతంలో. అందులో సురో రాజు ఏలిన గాయా రాజ్యం కథకు ఆధారం 11వ శతాబ్దంలో గింహేలో పనిచేసిన అధికారి ఒకరు రాసిపెట్టింది. అంటే రాణి ఓడ దిగిందన్న ఏడాదికీ, మనకు తెలిసిన తొలి రాతకూ మధ్య వెయ్యేళ్లు! అదే పుస్తకం ప్రకారం ఆమె 189లో, 157వ ఏట కన్నుమూసింది. సురో రాజు 158 ఏళ్లు బతికాడు. ఈ ఏళ్లను పక్కనపెట్టి ఆ 48ని మాత్రం ఎలా నమ్మగలం?

ఓడలో ఏం తెచ్చిందో కూడా అందులో ఉంది. పట్టు, జరీ, బంగారం, వెండి, మణులు, వాటితోపాటు 'హాన్ అంగళ్ల సరుకులు'. అంటే చైనా బజారు సామాను. వెంట వచ్చిన కొలువువాళ్ల పదవుల పేర్లూ చైనా పేర్లే. కోసలదేశపు ఆనవాలు ఒక్కటీ కనపడదు. పైగా 1వ శతాబ్దంలో మన అయోధ్యకు వాడుకలో ఉన్న పేరు సాకేతం. అయోధ్య అన్న పేరు ఆ ఊరికి గట్టిగా స్థిరపడింది గుప్తుల కాలంలో.

ఇర్యోన్ నిజాయితీ ఎంత గొప్పదో చూడండి. రాణి వచ్చేనాటికి ఈ దేశంలో గుడి కట్టడమూ, బుద్ధుడి ధర్మాన్ని కొలవడమూ ఇంకా లేవని తనే రాశాడు. రాణి పేరున వాంగ్‌హుసా అనే గుడి వెలిసింది 452లో. అక్కడ బౌద్ధం వేళ్లూనుకున్నాక, తమ తొలి రాణికి బుద్ధుడు పుట్టిన దేశంతో చుట్టరికం కలుపుకున్నారని నా అభిప్రాయం. ఇందులో మోసం ఏమీ లేదు, అది భక్తి.

గోజే తెలుగు:
నేను ఇక్కడ కొరియాలోని గోజేలో ఓడల యార్డులో పని చేస్తున్నాను. పోయిన శరదృతువులో గింహే వెళ్లి రాణి సమాధి చూసొచ్చాను. గడ్డి కప్పిన గుండ్రటి మట్టిదిబ్బ. ముందు చిన్న మండపంలో 'పాసా' రాళ్లు. సముద్రదేవత కోపం చల్లారడానికి రాణి తన ఓడలో వేసుకొచ్చిందని చెప్పే రాళ్లవే. ఎర్రచాయ కలిసి, మచ్చలు మచ్చలుగా, మూలలు అరిగిపోయి, ఒకదాని మీద ఒకటి పేర్చి ఉన్నాయి. గాలివాన తగలకుండా ఉంటుందని ఓడవాళ్లు ముక్కలు చెక్కుకుపోయేవారట. ఈ రకం రాయి ఆ చుట్టుపక్కల దొరకదంటారు. సురో రాజు సమాధి ద్వారం మీద జంటచేపలు కూడా ఉన్నాయి, అచ్చం అయోధ్య ఉన్న అవధ్ సీమ చేపల్లాగే. కుండపెంకు గారూ, వీటికేమంటారు?

నా పక్కన ఒక పెద్దావిడ ఆ దిబ్బ ముందు మోకాళ్లూని వంగి దండం పెట్టుకుంది. నేను ఇండియా అని తెలిసి నా రెండు చేతులూ పట్టుకుంది. ఆ క్షణాన అబద్ధమని ఎలా అనగలను?

కుండపెంకు:
అనక్కర్లేదండీ. నేనున్నా చేతులు జోడించేవాణ్ణే.

చేపల సంగతికొస్తే, ఆ ద్వారం 18వ శతాబ్దం చివర కట్టింది. అవధ్ జంటచేపలు నవాబుల చిహ్నం. రెండూ 1వ శతాబ్దానికి సాక్ష్యం చెప్పలేవు. రాయి బయటినుంచి వచ్చిందే అనుకుందాం. ఎప్పుడు వచ్చిందో, ఎవరు తెచ్చారో రాయి చెప్పదు కదా.

నుడికారం:
ఈ చర్చలో ఎవరో ఒకరు భాష సంగతి తెస్తారని ఎదురుచూస్తున్నాను, ఎవరూ తేలేదు కాబట్టి నేనే తెస్తాను. కొరియాలో 'నా' అంటే నేను, 'నో' అంటే నువ్వు, 'అప్పా' అంటే నాన్న. ఇవి చూపించి కొరియా భాష ద్రావిడమేనని వీడియోలు తెగ తిరుగుతున్నాయి. 1905లోనే హోమర్ హల్బర్ట్ కొరియా భాషనూ, ద్రావిడ భాషలనూ పోల్చి పుస్తకం వేశాడు.

భాషల చుట్టరికం మాటల పోలికతో తేలదు, నియమంతో తేలుతుంది. మనం చెవి అంటే కన్నడిగులు కివి అంటారు. మనం చెరువు అంటే వాళ్లు కెరె అంటారు. మన చిలుక తమిళంలో కిళి. ఇ, ఎ ముందు పాత 'క' మన దగ్గర 'చ' అయింది, వరసపెట్టి అయింది. చుట్టరికమంటే అది. కొరియాకీ మనకీ అలాంటి వరస ఒక్కటి కూడా ఎవరూ చూపించలేకపోయారు. అమ్మ, అప్పా లాంటివి పసిపిల్లల నోటివెంట ప్రపంచమంతా వచ్చే మాటలే.

ఉప్పాడ కెరటం:
సరే, భాష వదిలేద్దాం. గింహే దగ్గర యెయాన్-రి సమాధుల్లో దొరికిన ఎముకలో భారతీయుల పోలిక ఉందని 2004లో ప్రకటించారు కదా? మన తీరపు గాజుపూసలు కొరియా సమాధుల్లో దొరికాయి. సముద్రంలో దారి ఉంది. దారి ఉన్నప్పుడు ఒక ఓడ వెళ్లి ఉండకూడదా?

కుండపెంకు:
పూసల మాట నిజం, ఆ మాటకు మీకు నమస్కారం. పుదుచ్చేరి దగ్గరి అరికమేడులో చేసిన రకం చిన్నచిన్న పూసలు కొరియా దాకా చేరాయి. కానీ అవి రేవు రేవునా చేతులు మారుతూ వెళ్లాయి. పూస చేరిన చోటికల్లా పూస చేసినవాడు చేరినట్టు కాదు.

2004 నాటి మాట తల్లివైపు వారసత్వాన్ని మాత్రమే చూసి చెప్పింది. 2022లో గింహేలోని రెండు తవ్వకాల నుంచి, 4, 5 శతాబ్దాల నాటి ఎనిమిది మంది పూర్తి జన్యువులు చదివారు. ఈశాన్య ఆసియా మూలమూ, జపాన్ పాత జోమోన్ జనంతో పంచుకున్న మూలమూ కనిపించాయి. భారత్ వైపు గుర్తు కనిపించలేదు. ఎనిమిది మందితో కథ ముగిసిపోదని ఒప్పుకుంటాను. ఒక ఓడ వెళ్లే ఉండొచ్చనీ ఒప్పుకుంటాను. కానీ వెళ్లి ఉండొచ్చు అనడం వేరు, వెళ్లింది అనడం వేరు.

నా బాధ ఇంకొకటి. గాయా అనగానే మనం రాణి దగ్గర ఆగిపోతున్నాం. ఆ సీమకు పేరు తెచ్చింది ఇనుము. 3వ శతాబ్దపు చైనా చరిత్రకారులు రాశారు: ఇక్కడ ఇనుము తీస్తారు, చుట్టుపక్కల జనమూ, సముద్రం అవతలి జపాన్ వాళ్లూ వచ్చి పట్టుకెళ్తారు, సంతలో ఇనుమునే డబ్బులా వాడతారు అని. పెద్దల సమాధుల్లో నేలమీద ఇనుప బిళ్లలు పరిచారు, మనం ధాన్యం పోసినట్టు. గింహే పక్కనే చాంగ్వోన్‌లో దహో-రి అనే చోట 1988లో మానును తొలిచి చేసిన శవపేటిక బయటపడింది. దాని కింద వెదురుబుట్ట, బుట్టలో ఐదు రాత కుంచెలు, రెండు కొసలకూ వెంట్రుకలున్నవి. క్రీస్తుకు ముందు 1వ శతాబ్దానివి! సురో రాజు పుట్టాడనే కాలానికి ముందే అక్కడ కుంచె పట్టి రాసేవాళ్లున్నారు. 2023లో గాయా సమాధుల గుంపులు ఏడింటిని యునెస్కో ప్రపంచ వారసత్వంలో చేర్చింది.

అందులో ఒకటి చాంగ్న్యోంగ్‌లో ఉంది. అక్కడి 15వ నంబరు సమాధిలో, 6వ శతాబ్దంలో, చనిపోయిన దొరతోపాటు పాతిపెట్టిన ఒక పిల్ల అస్థిపంజరం దొరికింది. ఆమె వయసూ పదహారే. ఎత్తు 153 సెంటీమీటర్ల చిల్లర. చెవికి బంగారు పోగు. కాళ్ల ఎముకల మీద ఎప్పుడూ మోకాళ్లమీద కూర్చుని పనిచేసిన గుర్తులు. పేరు తెలీదు కాబట్టి ఆ పేట పేరే తగిలించి సొంగ్హ్యోని అని పిలుచుకుంటున్నారు.

ఉప్పాడ కెరటం:
ఈ పిల్ల సంగతి నాకు తెలీదు. రాణి మీద నా నమ్మకం నాకుంది, అది ఇవాళ మారదు. కానీ ఎముకలు చూసి మోకాళ్ల మీద పనిచేసిందని చెప్పారన్న మాట దగ్గర ఆగిపోయాను. మా అమ్మమ్మ మోకాళ్లు గుర్తొచ్చాయి.

గోజే తెలుగు గారూ, చాంగ్న్యోంగ్ మీకు దూరమా?

గోజే తెలుగు:
బస్సు మారితే పూటలో వెళ్లొచ్చు. ఈ ఆదివారం సెలవు. వెళ్లి ఆ 15వ దిబ్బ దగ్గర నిలబడి ఫోటో తీసి ఇక్కడే పెడతాను.