నాన్న రాసిన నోటు నా పేరు మీద తిరగరాయమంటున్నారు, రాయాలా?

మిరపతోట:
మాది సత్తెనపల్లి దగ్గర పల్లెటూరు. నాన్న 2025 జూన్‌లో గుండెపోటుతో పోయారు. పెద్దకర్మ నాడు విస్తళ్ళు ఇంకా తీయకముందే, వరసకి బాబాయ్ అయ్యే ఒకాయన అమ్మ పక్కన కూర్చుని జేబులోంచి ప్రామిసరీ నోటు తీశాడు. 2022 ఉగాది నాటిది. 3 లక్షలు, నూటికి రెండు రూపాయల వడ్డీ. ఆగస్టు నాటికి లెక్కకట్టి 5,40,000 అంటున్నాడు. "నీకు ఉద్యోగం ఉంది కదమ్మాయ్, నీ పేరు మీద తిరగరాసివ్వు, డబ్బు నెమ్మదిగా ఇద్దువుగాని" అని రోజూ ఫోను.

నాన్న సొంతంగా కొన్న పొలం ఎకరంన్నర ఉంది. దాని మీద సొసైటీలో పంట లోను 1,20,000. ఇల్లు అమ్మ పేరున. 2 లక్షల ఎల్‌ఐసీ పాలసీకి అమ్మే నామినీ. తమ్ముడు డిగ్రీ. నేను హైదరాబాద్‌లో 38 వేల జీతానికి చేస్తున్నాను. టెన్షన్‌తో నిద్ర పట్టట్లేదు. నా జీతం మీదకి వస్తారా?

గుంటూరు ప్లీడరు:
దేని మీదా సంతకం పెట్టకండి. తిరగరాసిన మరుక్షణం అది మీ నాన్నగారి అప్పు కాదు, మీ అప్పు. అప్పుడు జీతం మీదకీ వస్తారు.

ఇప్పుడైతే రాలేరు. పోయినాయన బాకీకి వారసులు బాధ్యులే, కానీ ఆయన ఆస్తి ఎంత చేతికొచ్చిందో అంతవరకే. సివిల్ ప్రొసీజర్ కోడ్ 50వ సెక్షన్. తండ్రి అప్పు కొడుకులు తీర్చి తీరాలన్న పాత హిందూ న్యాయం 2005 సెప్టెంబర్ 9 తర్వాత చేసిన అప్పులకి లేదు. అలాగని పొలం అమ్మేసి డబ్బు వాడేసుకుంటే, ఆ మేరకు మీ జేబులోంచే కట్టమంటుంది కోర్టు. సొసైటీ లోను సంగతి వేరు, పొలం తనఖాలో ఉంటే అది పొలంతోపాటే నడుస్తుంది. ఈసీ (పొలం మీద తనఖాలేమైనా ఉంటే చూపే రిజిస్ట్రేషన్ ఆఫీసు కాగితం) తీయించి చూడండి.

పాలసీ డబ్బు జప్తు చేయలేరు. ఇల్లు అమ్మగారిది కాబట్టి దాని జోలికీ రాలేరు, నోటు మీద ఆవిడ కూడా సంతకం చేసి ఉంటే తప్ప. ఆ సంగతి కనుక్కోండి. నాయనమ్మగారు ఉన్నారా? ఉంటే ఆ పొలంలో ఆవిడకీ మీతో సమానంగా వాటా ఉంది. అందరూ మర్చిపోయేది ఇదే.

కోర్టుపక్షి:
అక్కా, నోటు వెనక్కి తిప్పి చూశారా? మా అన్నయ్య పెద్దమనుషుల ముందు మొహమాటపడి తిరగరాశాడు. తీరా చూస్తే పాత నోటుకి మూడేళ్ళు దాటి ఏడు నెలలు. కాలదోషం పట్టిన, అంటే దావా వేసే గడువు దాటిన కాగితానికి వాడే ప్రాణం పోశాడు, నాలుగేళ్ళు కట్టాడు. మీ నోటుకి 2025 ఏప్రిల్‌తోనే మూడేళ్ళు నిండాయి. ఈలోగా వెనక చెల్లు (కొంత డబ్బు కట్టినట్టు రాత) ఉండి, అది మీ నాన్నగారి చేతిరాతైనా, కింద ఆయన సంతకమైనా ఉంటేనే ఆ తేదీ నుంచి మళ్ళీ మూడేళ్ళు. మీ బాబాయ్ తన చేత్తో తనే రాసుకున్న చెల్లు చెల్లదు.

పాతకాపు:
చట్టం సరేనమ్మా. ఆ డబ్బు నీ చదువుకే తెచ్చి ఉంటే? ఊళ్ళో తలెత్తుకు తిరగాలి కదా.

మిరపతోట:
చదువుకి కాదండీ. ఆ ఏడాది నల్ల తామర పురుగుకి తోటంతా పోయింది. పురుగుమందుల కొట్టు బాకీ కట్టడానికి తెచ్చారు, అమ్మకి తెలుసు. అప్పు నిజమే. నాన్న పేరు చెడగొట్టాలని నాకూ లేదు. కానీ మధ్యలో మిరపకాయలు అమ్మినప్పుడల్లా ఇచ్చానని నాన్న నాతో ఫోన్లో చెప్పేవారు. ఆ లెక్క ఏది?

గుంటూరు ప్లీడరు:
ఇవ్వాలనుకుంటే ఇవ్వండి, తప్పేం లేదు. బ్యాంకు ద్వారా ఇవ్వండి, పూర్తిగా చెల్లయినట్టు రాయించి అసలు నోటు చేతికి తీసుకోండి. ముందు నోటు రెండు వైపులా ఫొటో అడగండి.

మిరపతోట:
అమ్మ సంతకం లేదట, ఆవిణ్ణి అడిగాను. నాయనమ్మ ఉంది, 81 ఏళ్ళు. ఫొటో పంపమని బాబాయ్‌కి చెప్పాను. ముందు వైపు వెంటనే పంపాడు. వెనక వైపు కూడా కావాలంటే రేపు పంపుతానన్నాడు. నాలుగు రోజులైంది. ఫోన్లు మాత్రం ఆగాయి.