శనివారం క్రిస్మస్ చెట్టు: లైట్లు ఇంట్లోనే చూసుకుని తెద్దాం

డెకరేషన్: అందరికీ నమస్కారం. శనివారం ఇక్కడ న్యూజెర్సీ ఎడిసన్ ఊళ్ళో మన హాల్లో పెట్టే చెట్టు ఏడడుగులది. అడుగుకి వంద బల్బుల లెక్కన వంద బల్బుల సెట్లు ఏడు కావాలి. ఎవరింట్లో ఏమున్నాయో ఈ రాత్రికి చెప్పండి. ఎల్‌ఈడీవే తెండి, అన్నీ వార్మ్ వైట్ (కాస్త పసుపు ఛాయ ఉన్న తెలుపు) అయితే కంటికి హాయిగా ఉంటుంది. పాత మినీ బల్బుల సెట్ ఒక్కోటీ దాదాపు 40 వాట్లు లాగుతుంది, వేడెక్కుతుంది కూడా. ఎల్‌ఈడీకి ఐదారు వాట్లు చాలు. పిల్లలు కొమ్మల్లో చేతులు పెట్టకుండా మనం ఆపలేం కదా.

హాల్ బుకింగ్: నా దగ్గర మూడున్నాయి అక్కా. ఒకటి సగమే వెలుగుతోంది.

డెకరేషన్: పారేయకు తమ్ముడూ. ఆరిన సగం బల్బులన్నీ ఒకే సిరీస్‌లో, అంటే ఒకదాని గుండా ఇంకోదానికి కరెంటు వెళ్ళేలా ఉంటాయి, వాటిలో ఏదో వదులై ఉంటుంది. ఊడివచ్చే రకం బల్బులైతే ఒక్కోదాన్నీ వేలితో నొక్కుతూ రా. సెట్ మొత్తం వెలగకపోతే, గోడ నుంచి తీసి ప్లగ్ చూడు. పిన్నుల మధ్య చిన్న మూత పక్కకి జరుగుతుంది, లోపల గోరంత గాజు ఫ్యూజులు రెండుంటాయి. వైరు తొడుగు చిట్లి రాగి కనిపిస్తే మాత్రం ఆ సెట్ మనకొద్దు.

భోజనాలు: గుంటూరు నుంచి అమ్మ పంపిన కాగితం స్టార్ ఉంది. హోల్డర్, బల్బుతో సహా. కట్టొచ్చా?

డెకరేషన్: తప్పకుండా తెండి వదినా! హోల్డర్ మాత్రం వద్దు. ఆ బల్బు 230 వోల్టులది, ఇక్కడ వచ్చేది 120. ఇక్కడి మర బల్బు ఆ హోల్డర్లో పట్టదు. లోపల బ్యాటరీ ఎల్‌ఈడీ తీగ పెడదాం, కాగితానికి వేడి తగలదు. డిసెంబరు రాగానే మా వీధిలో డాబాల మీద స్టార్లు ఎక్కేవి. నాకు చెట్టు కన్నా అదే క్రిస్మస్. గుమ్మం మీదే కడదాం.

పిల్లల కార్యక్రమాలు: క్విజ్‌కి ఒక ప్రశ్న దొరికింది. చెట్టుకి మొదట కరెంటు దీపాలు పెట్టిందెవరు? ఎడిసన్ సహచరుడు ఎడ్వర్డ్ జాన్సన్, 1882లో న్యూయార్క్‌లో తన ఇంట్లో. ఎరుపు, తెలుపు, నీలం బల్బులు 80. ఎడిసన్ పనిచేసిన మెన్లో పార్క్ మన హాలున్న ఊళ్ళోనే ఉందని చెబితే పిల్లలు ఎగిరి గంతేస్తారు.

డెకరేషన్: చాలా బాగుంది, పెట్టేయండి. చుట్టడానికి శుక్రవారం సాయంత్రం 6కి ముగ్గురు కావాలి. పోయినేడు పైనుంచి మొదలుపెట్టాం. చివరికి ప్లగ్ చెట్టు కొసకి చేరింది, అన్నీ విప్పి మళ్ళీ చుట్టాల్సొచ్చింది. ఈసారి ప్లగ్ కింద పెట్టుకుని మొదలుపెడదాం. కాండం నుంచి కొమ్మ చివరిదాకా వెళ్లి వెనక్కి రావాలి, అప్పుడే చెట్టు లోపలి నుంచి వెలుగుతుంది. వరుసగా ఎన్ని సెట్లు తగిలించొచ్చో ట్యాగ్ మీద ఉంటుంది, దాన్ని దాటొద్దు. ఎక్స్‌టెన్షన్ వైరు కార్పెట్ కింద దూర్చొద్దు. రాత్రి తాళం వేసే ముందు ప్లగ్ తీసే బాధ్యత ఎవరిది?

హాల్ బుకింగ్: నాది అక్కా. నిచ్చెన కూడా నేనే తెస్తా.