దిగబడు, దూరు: సముద్రపు పలకకి ఏ క్రియ?

పర్లాకిమిడి నుంచి:
ఒడియా మీడియంలో చదివే మన తెలుగు పిల్లలకి సాయంత్రాలు భూగోళం తెలుగులో చెబుతున్నాను. ఇప్పుడు ఆండీస్ పాఠం నడుస్తోంది. దక్షిణ అమెరికా పడమటి తీరం పొడవునా సుమారు 7,000 కిలోమీటర్ల కొండల వరస, దాని మీద ఎన్నో అగ్నిపర్వతాలు. వాటి మూలం సముద్రం అడుగున ఉంది. భూమి పైపెంకు కొన్ని భారీ రాతి పలకలుగా విడిపోయి ఉంటుంది. వాటిలో పసిఫిక్ కింద ఉన్న నాజ్కా పలక ఏడాదికి దాదాపు 7 సెంటీమీటర్ల చొప్పున తూర్పుకి జరుగుతూ దక్షిణ అమెరికా పలక కిందికి పోతోంది.

ఈ పనికి పుస్తకాల్లో 'అధోగమనం' అని కనిపిస్తుంది. మాట తప్పు కాదు గానీ పిల్లల కళ్లకి బొమ్మ కట్టదు. 'దిగబడటం' అంటే సరిపోతుందని నా ఉద్దేశం. వానాకాలం మన వైపు ఏ రైతునడిగినా "బండి దిగబడిపోనాది" అంటాడు. తన బరువుకి తానే లోపలికి పోవడం ఆ మాటలో ఉంది. శాస్త్రం చెప్పేదీ అదే. సముద్రపు పలక పుట్టినప్పుడు వేడిగా, తేలికగా ఉంటుంది. కోట్ల ఏళ్లు గడిచేసరికి చల్లబడి బరువెక్కుతుంది. కిందికి దిగిన కొస మిగతా పలకనంతా తనతో లాక్కుపోతుంది. పలకల్ని కదిలించే బలాల్లో ఈ లాగుడే పెద్దది. పెద్దలు, పిల్లలు మీ మాట చెప్పండి.

గుణుపురం నుంచి:
నమస్కారం మాస్టారూ. నాకైతే 'దూరడం' నచ్చుతుంది. పిల్లి మంచం కిందికి దూరింది అంటాం గానీ దిగబడింది అనం కదండీ. దూరాలంటే పైన మరొకటి ఉండాలి, దాని కిందికి పక్కనుంచి పోవాలి. నాజ్కా చేస్తున్నది ఆ పనే. దిగబడటంలో ఆ రెండో పలక ఊసే లేదు.

రాయగడ నుంచి:
'కుంగడం' ఎవరూ అనలేదేం?

పర్లాకిమిడి నుంచి:
కుంగింది ఉన్నచోటే కుంగుతుంది బాబూ. ఇక్కడ ప్రయాణం ఉంది, అందుకే దాన్ని పక్కన పెడదాం.

గుణుపురం అమ్మా, మీ మాట విన్నాక ఆండీస్ పటం మళ్లీ చూశాను. అగ్నిపర్వతాలు ఈ కొస నుంచి ఆ కొసకి ఏకధాటిగా లేవు. పెరూ ఉత్తర, మధ్య భాగాల్లో లేవు. చిలీ మధ్యలో సుమారు 28 నుంచి 33 డిగ్రీల దక్షిణ అక్షాంశం దాకా లేవు. మిగతా చోట్ల నాజ్కా పలక బాగా వాలుగా లోతుకి దిగుతుంది. ఈ ఖాళీల కింద మాత్రం కొంత లోతుకి పోయాక దాదాపు అడ్డంగా తిరిగి, పైపలక అడుగున వందల కిలోమీటర్లు సాగుతుంది. అంటే మీరు చెప్పిన దూరడమే! 6,893 మీటర్ల ఓహోస్ దెల్ సలాదో ప్రపంచంలోకెల్లా ఎత్తైన అగ్నిపర్వతం. దానికి దక్షిణంగా, ఈ ఖాళీలో ఉన్న అకొంకాగ్వా 6,961 మీటర్లు, ఆ ఖండంలోనే ఎత్తైన శిఖరం, అయినా అగ్నిపర్వతం కాదు.

కాబట్టి పలక దిగబడిన చోట అగ్నిపర్వతాలున్నాయి, దూరిన చోట లేవు. నాకు రెండు మాటలూ కావాలి.

జయపురం నుంచి:
మాస్టారూ, ఒక మాట. 'పలక లోపలికి పోయి కరిగి లావాగా పైకి వస్తుంది' అని చాలా నోట్సుల్లో రాస్తున్నారు. ఏ క్రియ పెట్టుకున్నా ఆ వాక్యాన్ని మాత్రం పిల్లల చేత రాయించకండి. దిగే పలక చల్లనిది, అది పెద్దగా కరగదు. కరిగేది దాని మీదున్న భూప్రావారపు రాయి, అంటే భూమి పైపెంకు కిందుండే వేడి పొరలోని రాయి.

సముద్రం కింద కోట్ల ఏళ్లున్న పలక తన ఖనిజాల్లో నీటిని పట్టుకుని ఉంటుంది. సుమారు 100 కిలోమీటర్ల లోతుకి చేరేసరికి ఒత్తిడికీ వేడికీ ఆ నీరు విడుదలై పైరాతిలోకి ఎక్కుతుంది. అంత లోతులో పొడిరాయి కరగాలంటే 1,400 డిగ్రీల సెల్సియస్ పైనే ఉండాలి. నీరు చేరితే కొన్ని వందల డిగ్రీలు తక్కువకే కరగడం మొదలవుతుంది. పొడి బెల్లం మూకుట్లో వేసి మంట పెడితే మాడుతుంది, చెంచాడు నీళ్లు పోస్తే అదే సెగకి పాకమవుతుంది. అలా పుట్టిన శిలాద్రవం తేలిక కనుక పైకి వస్తుంది, దారిలో ఖండపు రాళ్లని కొంత కరిగించి కలుపుకుని చిక్కబడుతుంది. లోపల చిక్కుకున్న ఆవిరీ వాయువులూ ఒక్కసారిగా విడివడితే పేలుతుంది. అక్కడి లావా నుంచి ఏర్పడే రాయికి ఆండీస్ పేరు మీదే ఆండిసైట్ అని పేరు పెట్టారు.

మీ ఖాళీలకి కారణం కూడా ఇందులోనే దొరుకుతుంది. పలక అడ్డంగా దూరితే దానికీ పైపలకకీ మధ్య వేడిరాయికి చోటుండదు. నీరు వచ్చినా కరగడానికి ఏముంది?

గుణుపురం నుంచి:
ఎంత చక్కగా చెప్పారండీ. గిడుగు రామమూర్తి పంతులుగారు పాఠాలు చెప్పిన ఊరి నుంచి వచ్చిన ప్రశ్న కదా, వాడుక మాటే ఇంత దూరం తీసుకొచ్చింది. సవర పిల్లలకి వాళ్ల మాటలో చదువు చెప్పాలని ఆ భాష నేర్చుకున్న మనిషి ఆయన. మా బడిలో సవర పిల్లలున్నారు. 'దిగబడటం' వాళ్ల భాషలో ఏమంటారో రేపే అడుగుతాను.

బరంపురం నుంచి:
మరి మహేంద్రగిరి సంగతేమిటి మాస్టారూ? 1,501 మీటర్ల కొండ, సముద్రానికి అంత దగ్గర. మా మనవరాలు నిన్న ఇదే అడిగింది.

పర్లాకిమిడి నుంచి:
మన తూర్పు కనుమల పక్కన ఏ పలకా దిగబడటం లేదండి. భూమీ, బంగాళాఖాతం అడుగూ ఒకే పలక. సుమారు 13 కోట్ల ఏళ్ల కింద అంటార్కిటికా నుంచి విడిపోయినప్పుడు చిరిగిన అంచు ఈ తీరం. కొండల్లోని రాళ్లు అంతకన్నా చాలా పాతవి, లావా గడ్డకట్టి పేరుకున్న కొండలు కావు. వాటిలో ఒక రాతికి ఇక్కడి ఖోండు గిరిజనుల పేరు మీద ఖోండలైట్ అని పేరు, కోణార్క గుడికి వాడినదీ అదే.

మనమున్న ఈ పలక దిగబడేది బంగాళాఖాతం ఆవలి ఒడ్డున, అండమాన్ దగ్గర. పోర్ట్ బ్లెయిర్‌కి (ఇప్పుడు శ్రీ విజయపురం) ఈశాన్యంగా సుమారు 140 కిలోమీటర్ల దూరాన సముద్రంలో బారెన్ దీవి ఉంది. ఎన్నో ఏళ్లు నిద్రపోయి 1991లో మళ్లీ రాజుకుంది. మన దేశంలో ఇప్పుడు మండుతున్న అగ్నిపర్వతం అదొక్కటే. మనవరాలికి పటంలో ముందు దాన్ని చూపించండి, ఆండీస్ తరవాత చూపిద్దురు.