ఇంటి సిలిండర్లను డీలరు హోటళ్లకు మళ్లిస్తే చట్టప్రకారం ఏం జరుగుతుంది?

ప్రశ్న: గోదావరి వినియోగదారు
నేను బుక్ చేయకుండానే, సిలిండరు ఇంటికి చేరకుండానే, ‘మీ రీఫిల్ డెలివరీ అయింది’ అని నా ఫోన్‌కు మెసేజ్‌లు వస్తున్నాయి. ఏజెన్సీలో అడిగితే కంప్యూటరు పొరపాటన్నారు. మా వీధిలో ఇంకొందరికీ ఇదే జరిగింది. బస్టాండు దగ్గరి టిఫిన్ సెంటర్లలో మాత్రం ఇళ్లకు రావలసిన ఎర్ర సిలిండర్లే వరసగా కనిపిస్తున్నాయి. ఇలా పక్కదారి పట్టించిన డీలరుపై ఏ చర్యలు తీసుకోవచ్చు? డెలివరీ బాయ్ మీదికి నెట్టేసి ఆయన తప్పించుకోగలరా?

జవాబు: పాత తహసీల్దారు
14.2 కిలోల సిలిండరు ఇంటి వంటకు, 19 కిలోలది వ్యాపారానికి. మొదటిదానిపై జీఎస్టీ 5 శాతం, రెండోదానిపై 18 శాతం కాగా, అసలు ధరలోనూ తేడా ఉంటుంది. ఈ దందాకు మూలం ఆ తేడాయే. కాబట్టి కొని వాడుతున్న హోటలు యజమాని కూడా నిందితుడే అవుతాడని మరవకండి.

జవాబు: న్యాయవాది, రాజమహేంద్రవరం
నిత్యావసర వస్తువుల చట్టం, 1955 కింద కేంద్రం 2000లో ఎల్పీజీ సరఫరా, పంపిణీపై నియంత్రణ ఉత్తర్వు జారీ చేసింది. దాన్ని ఉల్లంఘిస్తే ఆ చట్టం 7వ సెక్షను ప్రకారం మూడు నెలలకు తగ్గకుండా ఏడేళ్ల వరకు జైలు, దానితోపాటు జరిమానా పడవచ్చు. ప్రత్యేక కారణాలుంటే, వాటిని తీర్పులో రాసి, కోర్టు మూడు నెలల కన్నా తక్కువ శిక్ష కూడా వేయగలదు.

అయితే డీలర్లు ఎక్కువగా భయపడేది జైలుకు కాదు, అదే చట్టం 6ఏ సెక్షను కింద నడిచే, మన వైపు అందరూ ‘6ఏ కేసు’ అని పిలిచే దానికి. సిలిండర్లతో పాటు వాటిని తరలించిన వాహనాన్ని కూడా స్వాధీనం చేసుకుని జప్తు చేసే అధికారం కలెక్టరుకు ఉంది, అందుకు క్రిమినల్ కేసు పెట్టి ఉండాలన్న నియమం కూడా లేదు. ముందుగా నోటీసు ఇచ్చి వారి వాదన వినాలి, జప్తు ఉత్తర్వుపై నెలలోగా అప్పీలు చేసుకోవచ్చు. వాహనం కిరాయికి తిరిగేదైతే, అందులోని సరుకు మార్కెట్ ధరకు మించని జరిమానా కట్టి దాన్ని విడిపించుకునే అవకాశం యజమానికి ఇవ్వాలి. ఇలా సరుకు పోయినంత మాత్రాన శిక్ష తప్పిపోదు, రెండూ వేర్వేరుగా నడుస్తాయి.

ఇక డెలివరీ బాయ్ సంగతి. ఏజెన్సీ భాగస్వామ్య సంస్థ అయినా కంపెనీ అయినా, వ్యాపారాన్ని నడిపే బాధ్యతలో ఉన్నవారిని కూడా అదే చట్టం 10వ సెక్షను దోషులుగానే చూస్తుంది. తనకు తెలియకుండా జరిగిందనో, తగిన జాగ్రత్తలన్నీ తీసుకున్నాననో రుజువు చేసుకోవలసింది వారే. నెలల తరబడి రికార్డుల్లో దొంగ డెలివరీలు నమోదవుతుంటే తెలియదనడం నిలబడుతుందని నేననుకోను. ఆయిల్ కంపెనీ తన మార్కెటింగ్ క్రమశిక్షణ నియమాల కింద తీసుకునే చర్య ఇంకొకటి. తీవ్రతను బట్టి అది జరిమానా నుంచి డీలర్‌షిప్ రద్దు వరకు వెళ్తుంది.

పెద్ద సిలిండరులోంచి చిన్నవాటికి పైపుతో గ్యాస్ ఎక్కించడం కనబడితే 2016 నాటి గ్యాస్ సిలిండర్ల నిబంధనలు, మండే పదార్థాల విషయంలో నిర్లక్ష్యానికి భారతీయ న్యాయ సంహిత 287వ సెక్షను కూడా తోడవుతాయి. ఇళ్ల మధ్య జరిగే ఆ పని చూసి ఊరుకోకూడదు.

ప్రశ్న: గోదావరి వినియోగదారు
ధన్యవాదాలండీ. అధికారులు పట్టించుకోకపోతే నాబోటివాడు కోర్టుకు వెళ్లవచ్చా?

జవాబు: న్యాయవాది, రాజమహేంద్రవరం
వెళ్లవచ్చు. బాధితుడు గానీ గుర్తింపు పొందిన వినియోగదారుల సంఘం గానీ రాతపూర్వకంగా ఇచ్చే నివేదికపై కోర్టు విచారణ చేపట్టే వీలు నిత్యావసర వస్తువుల చట్టం 11వ సెక్షనులో ఉంది. దానికన్నా ముందు ఆ మెసేజ్‌లను చెరిపేయకుండా ఉంచండి, బుకింగ్ చరిత్ర ప్రింటు తీసుకోండి, మీ వీధివారందరి సంతకాలతో జిల్లా పౌరసరఫరాల అధికారికి, ఆయిల్ కంపెనీ సేల్స్ అధికారికి ఒకే రోజున అర్జీ ఇచ్చి రసీదు తీసుకోండి. డెలివరీ కోడ్ మీరెవరికీ చెప్పలేదన్న మాట అందులో స్పష్టంగా రాయండి, ఎందుకంటే కోడ్ లేకుండా డెలివరీ ఎలా నమోదైందో అప్పుడు ఏజెన్సీయే చెప్పుకోవాల్సి వస్తుంది.