సమస్య (ఇదే చివరి పాదంగా పద్యం పూరించాలి): “తాకకున్న తీఁగ తాన పాడె”

ఛందస్సు ఆటవెలది. యతి తా–తా. అంశం మిక్లోష్ రోజా. 1907లో బుడాపెస్ట్‌లో పుట్టి, లైప్జిగ్ విశ్వవిద్యాలయంలో రసాయనశాస్త్రంలో చేరి, అక్కడి సంగీత విద్యాలయానికి మారిన సినీ సంగీతకర్త. 1945లో ‘స్పెల్‌బౌండ్’, ‘ది లాస్ట్ వీకెండ్’ చిత్రాల్లో థెరెమిన్ (ముట్టకుండా, దగ్గరలో చేతులు కదిలిస్తే పలికే విద్యుత్ వాద్యం) పలికించారు. మొదటిదానికి ఆస్కార్ వచ్చింది.

నాదబిందు:
ఆ.వె.
రసము లెల్ల నేర్చి రాగమ్ము పండించె
వెండి తెరకు రోజ వెదకి తెచ్చె
గాలిలోన చేయి కదలించినంతనే
తాకకున్న తీఁగ తాన పాడె

నిర్వాహకుడు: యతులన్నీ సరే. ‘వెదకి తెచ్చె’ – ఏం తెచ్చారు? కర్మ లేదు. రసాయనం మధ్యలో వదిలిన మనిషికి ‘రసములెల్ల నేర్చి’ అతిశయం. ఇలా మార్చి చూడండి:
“రసము నుండి రోజ రాగమ్ము పండించె
వెండి తెరకు వింత వీణ తెచ్చె”
వె–వీ యతిమైత్రి ఉంది, రసం రెండర్థాలూ (రసాయనం, భావరసం) నిలిచాయి. హంగేరియన్‌లోనూ ‘రోజా’ అంటే గులాబీయే, ఆ చమత్కారం ఎవరైనా వాడుకోవచ్చు.

గట్టుమీద:
ఆ.వె.
భిన్న కంపనముల భేదమే నాదమై
చెవికి విందు చేసె చిత్రముగను
పాద వైద్యుఁ డొకఁడు పాణి నాడింపగా
తాకకున్న తీఁగ తాన పాడె

నిర్వాహకుడు: భావం చాలా బాగుంది. ఆ చిత్రాల్లో థెరెమిన్ వాయించిన శామ్యూల్ హాఫ్‌మన్ వృత్తిరీత్యా పాదాల వైద్యుడే. పాద–పాణి జత ముచ్చటగా ఉంది. మొదటి పాదం శాస్త్రానికి సరి. వాద్యం లోపలి రెండు డోలకాల్లో (కంపనాలు పుట్టించే విద్యుత్ వలయాల్లో) ఒకటి స్థిరంగా 1,70,000 హెర్ట్జ్ దగ్గర, రెండోది చేతి ప్రభావంతో 1,69,560 దగ్గర ఉందనుకోండి; ఆ రెండూ చెవికి అందవు, తేడా 440 వినిపిస్తుంది. తేడా మరీ తగ్గితే రెండూ ఒకదాన్నొకటి లాక్కుని ఒకే కంపనంలో పడతాయి, మంద్రస్వరాలు మాయమవుతాయి.

లోపం మూడో పాదంలో. ‘ఆడింపగా’ ద్రుతాంతం (చివర నకారం దాగిన పదం), తర్వాతి ‘తా’ ‘దా’ కావాలి. అప్పుడు ఇచ్చిన పాదమే మారిపోతుంది. “పాద వైద్యు నొకని పాణి యాడినఁ జాలు!” అంటే వాక్యం అక్కడ ఆగుతుంది, చిక్కు తీరుతుంది.

ధ్రువతార:
ఆ.వె.
కుడిని నిలువు కడ్డి కూర్చుఁ దారస్థాయి
ఎడమ చుట్టు చేర హెచ్చు సడియు
మనిషి మేనె యిచట మార్చెఁ గంపనసంఖ్య
తాకకున్న తీఁగ తాన పాడె

గట్టుమీద: రెండో పాదం తలకిందులైంది. కడ్డీకి చేయి దగ్గరైతే శ్రుతి పెరుగుతుంది గానీ, చుట్టుకు దగ్గరైతే శబ్దం తగ్గుతుంది. స్వరానికీ స్వరానికీ మధ్య జారుడు వినపడకుండా ఎడమచేతితో అణచేది అలాగే.

ధ్రువతార: నిజమే. “ఎడమ చుట్టు చేర నిగురు సడియు” అంటే?

నిర్వాహకుడు: ‘ఇగురు’ (ఇంకిపోవు) చక్కగా కుదిరింది, ఎ–ఇ స్వరయతీ ఉంది. మూడో పాదం ఈ చర్చలోకెల్లా గట్టిది. ఒళ్ళే కెపాసిటర్‌కు (రెండు పలకల మధ్య విద్యుదావేశం నిలిపే భాగానికి) ఒక పలక. మార్పు పికోఫారడ్‌లో (ఆ నిలవను కొలిచే అతి చిన్న ప్రమాణంలో) చిన్న అంశమే, దానికే శ్రుతి కదిలిపోతుంది. పక్కన ఇంకొకరు నడిచినా అంతే, అందుకే వాయించే మనిషి మొండెం కదలకుండా నిలబడాలి.